అప్పులవాడూ కాదు, అవతారపురుషుడూ కాదు

మొన్నామధ్య మా బరంపురంలో ఒక మిత్రుడి ఇంట్లో నలుగురం కూచుని ఒక ఫ్రెంచి సినిమా చూశాం. 'నా పిల్లల తండ్రి' అని దాని పేరుకు అర్థం. మియా హాన్సెన్-లవ్ అనే ఆవిడ, అప్పటికి ముప్పై ఏళ్ళయినా నిండకుండానే, 2009లో తీసింది. కేన్స్ ఉత్సవంలో ఒక విభాగంలో ప్రత్యేక జ్యూరీ బహుమతి వచ్చింది. కథ చిన్నదే. సినిమాలు నిర్మించే ఒకాయన ఉంటాడు. పెద్దమనిషి, కలుపుగోలు మనిషి, పెళ్ళాం పిల్లలంటే ప్రాణం. చెవి దగ్గర ఫోను దించడు. అప్పుల్లో పీకల దాకా మునిగి, సినిమా సగంలో ప్రాణం తీసుకుంటాడు. మిగతా సగమంతా ఆయన భార్య ఆ బాకీల కాగితాలు ముందేసుకుని, మధ్యలో ఆగిపోయిన సినిమాలను ఒడ్డెక్కించాలని చేసే ప్రయత్నం.

సినిమా అయ్యాక కాఫీలు వచ్చాయి. నాతోపాటు బ్యాంకులో పనిచేసి రిటైరైన పెద్దాయన ఒకరు, "ఏముందోయ్ ఇందులో? చేతకాని వ్యాపారి. రాబడి లేని చోట అప్పుచేశాడు, పోయాడు. మన దగ్గరికి ఈ పార్టీ వస్తే నువ్వు సాంక్షన్ చేస్తావా?" అన్నారు. మా కవి మిత్రుడికి ఒళ్ళు మండింది. "మీ బ్యాంకువాళ్ళకి ఇది అర్థం కాదండీ. కళ కోసం ప్రాణం ఇచ్చిన ఋషి ఆయన. అలాంటివాళ్ళు ఉన్నారు కనకనే కళ బతుకుతోంది" అన్నాడు.

ఆ పూట నేనేమీ మాట్లాడలేదు. మాట్లాడనందుకు తర్వాత సిగ్గుపడ్డాను. ఎందుకంటే ఆ రెండు మాటలూ తప్పే. పైకి ఒకదానికొకటి ఎదురుగా కనిపిస్తాయి గాని, రెండూ ఒకే బెత్తెడు నేల మీద నిలబడ్డ మాటలు. ఆ మనిషి ఏం పని చేశాడో, ఎలా చేశాడో తెలుసుకోవాలన్న కోరిక రెండింటికీ లేదు. ఒకాయన కొట్టిపారేశారు, ఇంకొకాయన దండ వేశాడు. రెండు పనులకూ పట్టేది అర నిమిషమే.

ఆ సినిమా కథకు మూలం ఒక నిజమైన మనిషి. పేరు అంబేర్ బల్సాన్. 1954లో పుట్టాడు. పాత డబ్బున్న ఇల్లు. షతోరూ పట్నంలో ఉన్నిబట్టల మిల్లులు నడిపి, ఫ్రెంచి సైన్యానికి యూనిఫారాల గుడ్డ సరఫరా చేసిన కుటుంబం. ఆయన మాత్రం ఇరవై ఏళ్ళకే సినిమా వైపు మళ్ళాడు. వృత్తి నటులను దగ్గరికి రానివ్వని రాబేర్ బ్రెస్సన్ అనే మహా దర్శకుడు 1974లో లాన్సెలాట్ కథ తీస్తూ, అందులో గవైన్ అనే వీరుడి వేషానికి ఈ కుర్రవాణ్ణి తీసుకున్నాడు. నటన అంతటితో ఆగలేదు గాని, ఆయన అసలు జీవితం తెర వెనకే. తర్వాత పాతికేళ్ళలో అరవై దాకా సినిమాలకు నిర్మాతగానో, సహనిర్మాతగానో నిలబడ్డాడు. ఆయన సంస్థ పేరు ఓన్యోన్ పిక్చర్స్. యూరపు సినిమా అకాడమీకి అధ్యక్షుడుగా ఉంటూ, 2005 ఫిబ్రవరి 10న, యాభై ఏళ్ళ వయసులో పారిస్‌లో ప్రాణం తీసుకున్నాడు.

ఇప్పుడు ఆ అరవైలో కొన్నిటిని పేరుపేరునా చెప్పుకోవాలి. అది చెప్పకుండా లాభమా నష్టమా అని మాట్లాడడం, సరుకు చూడకుండా గోడౌనుకి తాళం వేసినట్టు ఉంటుంది.

ఈజిప్టు దర్శకుడు యూసెఫ్ షహీన్ నెపోలియన్ దండయాత్రను ఈజిప్షియన్ల కళ్ళతో చూపిస్తూ 1985లో 'అడ్యూ బోనపార్త్' తీశాడు. దాని వెనక బల్సాన్ ఉన్నాడు. అదే షహీన్ 1994లో తీసిన మరో సినిమా మీద సొంత దేశంలో కోర్టు వ్యాజ్యాలు పడి ప్రదర్శన ఆగిపోయింది. దానికి జవాబుగా 1997లో 'విధి' తీశాడు. పన్నెండో శతాబ్దపు స్పెయిన్‌లో ఇబ్న్ రుష్ద్ అనే తత్త్వవేత్త పుస్తకాలు తగలబెట్టిన కథ. దానికీ బల్సానే తోడు. ఆ ఏడు కేన్స్ ఉత్సవం తన యాభయ్యో వార్షికోత్సవ బహుమతిని షహీన్‌కు ఇచ్చింది.

సాండ్రీన్ వేసే అని ఒక అమ్మాయి. అంతకుముందు దర్శకత్వం చేసింది లేదు, సినిమా సెట్ల మీద చిన్నాచితకా పనులు చేసిన మనిషి. ఏడుగురు పిల్లలతో పొలంలో గొడ్డుచాకిరీ చేసే ఒక తల్లి, వేరే చోట మరో సంసారం ఉన్న ఆ పిల్లల తండ్రి, ఇంతే ఆమె చెప్పిన కథ. 'క్రిస్మస్‌కి మంచు పడుతుందా?' అని పేరు. బల్సాన్ నమ్మాడు. 1996లో దానికి లూయీ డెల్లుక్ బహుమతి, తర్వాత ఉత్తమ తొలి చిత్రంగా సెజార్ వచ్చాయి.

పాలస్తీనా దర్శకుడు ఎలియా సులేమాన్ తీసిన 'దైవ జోక్యం' 2002లో కేన్స్ జ్యూరీ బహుమతి పొందింది. దాన్ని ఆస్కారుకు పంపే మాట వచ్చినప్పుడు, పాలస్తీనాను ఒక దేశంగా లెక్కించవచ్చునా అన్న పేచీ పడింది. మరుసటి ఏడు పాలస్తీనా పేరుతోనే స్వీకరించారు. లెబనాను దర్శకురాలు రాందా షహాల్ సబాగ్ తీసిన 'గాలిపటం'కు 2003లో వెనిస్‌లో జ్యూరీ మహా బహుమతి. ఇక మన బొంబాయి ఇస్మాయిల్ మర్చెంట్, ఆయన జంట జేమ్స్ ఐవరీల 'జెఫర్సన్ ఇన్ పారిస్' (1995)కు ఫ్రాన్సు వైపు సహనిర్మాత కూడా బల్సానే.

ఇప్పుడు మా పెద్దాయన ప్రశ్నకు వస్తాను. "రాబడి లేని చోట అప్పుచేశాడు" అన్నారు. అయ్యా, ఇది బ్యాంకువాడు అనవలసిన మాట కాదు. సినిమా ఆడకపోతే నిర్మాత మునుగుతాడన్నది బజారు మాట. ఫ్రాన్సులో స్వతంత్ర నిర్మాత డబ్బు సమకూర్చుకునే పద్ధతి వేరు. ఒక టీవీ చానలు ఇంత ఇస్తానని ముందుగా ఒప్పందం రాస్తుంది. పంపిణీదారు ఇంత అంటాడు. విదేశీ అమ్మకాల వాడు ఇంత అంటాడు. ఆ కాగితాలన్నీ పట్టుకుని నిర్మాత బ్యాంకుకు వెళితే, బ్యాంకు వాటి మీద డబ్బిస్తుంది. మనం బిల్లులు డిస్కౌంట్ చెయ్యమూ? అదే ఇది. సినిమా మీద తనఖా రాయించుకోవడానికి ఆ దేశంలో 1944 నుంచీ రిజిస్టరు కూడా ఉంది, మన సబ్ రిజిస్ట్రారు ఆఫీసులో ఇల్లు రాసినట్టు. అది చాలక, ఇలాంటి అప్పులకు బ్యాంకుల పక్షాన సగం దాకా పూచీ పడేందుకు 1983లో ఇఫ్సిక్ అనే సంస్థను పెట్టారు.

మరి ఎక్కడ తేడా వస్తుంది? ఒప్పందంలో రాసుకున్న పద్దు దాటినప్పుడు. నలభై రోజులనుకున్న షూటింగు యాభై అయితే ఆ పది రోజుల ఖర్చు ఏ చానలూ ఇవ్వదు, ఏ పంపిణీదారూ ఇవ్వడు. అది నిర్మాత నెత్తిన. ఒప్పుకున్న డబ్బు వాయిదాలుగా వస్తుంది. కూలీ, ల్యాబు, హోటలు బిల్లు మాత్రం ఈ శుక్రవారమే కట్టాలి. ఈ సందును నింపడానికి మరో సినిమా మొదలుపెట్టి, దాని అడ్వాన్సుతో దీని బాకీ తీర్చాలన్న ఆశ పుడుతుంది. మన కిరాణా కొట్టువాడికీ, నూలు వ్యాపారికీ పుట్టే ఆశే. బీకాం రెండో ఏడులో మనకు చెప్పారు, దీన్ని ఓవర్‌ట్రేడింగ్ అంటారని. సరుకు మంచిదే, గిరాకీ ఉంది, పేరుంది. పెట్టుబడి మాత్రం వ్యాపారానికి చాలదు.

బల్సాన్ లెక్కలు నేను చూడలేదు, చూసినట్టు తీర్పు చెప్పను. కాని 2004 ఒక్క ఏడాదిలో ఆయన పేరుతో వచ్చినవి చూడండి: షహీన్ 'అలెగ్జాండ్రియా... న్యూయార్క్', యూస్రీ నస్రల్లా నాలుగు గంటలు దాటిన 'సూర్యద్వారం', క్లేర్ డెనీ 'చొరబాటుదారు', ఇస్మాయిల్ ఫెరూఖీ 'మహాప్రయాణం'. ఆ పక్కనే లార్స్ ఫాన్ ట్రియర్ 'మాండర్లే'లో వాటా. ఆ పక్కనే హంగరీ దర్శకుడు బేలా టార్‌తో కోర్సికా దీవిలో భారీ సెట్లు వేసి మొదలుపెట్టబోయే 'లండన్ నుంచి వచ్చినవాడు'. ఒక చిన్న సంస్థ, తల ఒక్కటి, సంతకం ఒక్కటి. ఈ జాబితా నా బల్ల మీదికి వచ్చి ఉంటే నేను పార్టీని తిట్టేవాణ్ణి కాదు. "అయ్యా, ఈ ఏడు రెండు చాలు, తక్కినవి వచ్చే ఏడు" అని కూచోబెట్టి చెప్పేవాణ్ణి. అలా చెప్పడం బ్యాంకువాడి పని. సాంక్షన్ చేస్తావా చెయ్యవా అన్నది ఆ తర్వాతి ప్రశ్న.

ఇంకొక్క మాట పెద్దాయనకు. మన సర్వీసులో ఎన్ని పెద్ద ఖాతాలు రానిబాకీలుగా రద్దయిపోవడం మనం చూశాం? తుప్పుపట్టిన షెడ్లు, తాళాలు పడ్డ గేట్లు. వాటిలో ఒక్కదానికైనా, యజమాని పోయిన ఇరవై ఏళ్ళకు, ఎక్కడో ఒక ఊళ్ళో నలుగురు కూచుని చూడదగ్గ సరుకు మిగిలిందా? సినిమా ఖరీదును మొదటి రెండేళ్ళలోనే చాలావరకు తరుగుదల కింద రాసేస్తాం. లెక్కల పద్ధతి అది, తప్పు కాదు. కాని ఆ సున్నాను ఆ సినిమా విలువ అనుకోవడం తప్పు.

కొందరు అనొచ్చు: ఫ్రాన్సు సర్కారు సినిమావాళ్ళకు దానాలు చేస్తుంది, మనకా భాగ్యం లేదు అని. ఇదీ వినీ వినీ విసుగెత్తిన మాట. అది దానం కాదు. 1946లో జాతీయ సినిమా కేంద్రం పెట్టారు. 1948 నుంచి అమ్మిన ప్రతి టికెట్టు మీదా ఒక ప్రత్యేక పన్ను తీసి, దాన్ని సినిమా నిధికే జమ కడుతున్నారు. ఇప్పుడది టికెట్టు ధరలో 10.72 శాతం. అమెరికా సినిమా చూసేవాడి టికెట్టులోంచి కూడా అదే వాటా పోతుంది. అంటే పెద్ద సినిమా ఆడితే చిన్న సినిమాకు విత్తనం దొరుకుతుంది. ఆంద్రే మల్రో మంత్రిగా ఉండగా 1959లో 'రాబడి మీద ముందస్తు' అనే పద్ధతి తెచ్చారు. కథ చూసి డబ్బిస్తారు. వడ్డీ లేదు. సినిమాకు రాబడి వస్తే అందులోంచి తీర్చాలి. చాలా సినిమాలు పూర్తిగా తీర్చలేవు. తీర్చలేవని తెలిసే ఇస్తారు, ఎందుకంటే ఆ నిధి పెట్టిందే అందుకు.

మన దేశంలో వినోదపు పన్ను తరాల తరబడి వసూలైంది. అది ప్రభుత్వ ఖజానాలో కలిసింది, 2017లో జీఎస్టీలో కరిగింది. సినిమా నుంచి వచ్చింది సినిమాకే పోవాలన్న నియమం మనం పెట్టుకోలేదు. 1960లో ఫిలిం ఫైనాన్స్ కార్పొరేషన్ పెట్టారు, దాని అప్పుతో 1969లో మృణాల్ సేన్ 'భువన్ షోమ్' వచ్చింది. ఆ తర్వాత సినిమాకు పరిశ్రమ హోదా ఇవ్వడానికి 1998 దాకా పట్టింది. అంతవరకూ మన నిర్మాతకు దిక్కు వడ్డీ వ్యాపారే. అలాంటి రోజుల్లోనే బెంగాలీ మృణాల్ సేన్ చేత తెలుగులో 'ఒక ఊరి కథ' (1977) తీయించిన పరంధామరెడ్డిగారిని మనలో ఎంతమంది తలుచుకుంటారు? దర్శకుడి పేరు చెప్పి ఊరుకుంటాం.

ఇక మా కవిగారికి. ఇక్కడ నాకు కోపం ఎక్కువ, ఎందుకంటే ఈ మాట తియ్యగా ఉంటుంది, పత్రికల్లో అచ్చవుతుంది, కుర్రవాళ్ళు నమ్ముతారు.

కళ కోసం ప్రాణం ఇచ్చాడట. ఆ ప్రాణం తీసుకుని కళ ఏం చేసుకుంది? బేలా టార్ సినిమా షూటింగు ఆగిపోయింది. హక్కులు అప్పిచ్చిన వాళ్ళ దగ్గర చిక్కుకున్నాయి. సెట్లు వేసిన పనివాళ్ళు ఇళ్ళకు పోయారు. కొత్త డబ్బు కూడదీసుకుని ఆ సినిమా కేన్స్ చేరేసరికి 2007. మియా హాన్సెన్-లవ్ మొదటి సినిమాను నిర్మించాలని బల్సాన్ అనుకున్నాడు. అది మరొకరి చేతి మీదుగా 2007లో వచ్చింది. ఆవిడ రెండో సినిమా ఆయన మీద తీసింది. బతికి ఉంటే ఆ రెండో సినిమా ఇంకేదో అయి ఉండేది, ఆయనే తీయించేవాడు. ఆ మరణం వల్ల ఒక్క రీలు అదనంగా తయారవలేదు. అసలు సినిమా సగం నుంచీ ఆవిడ కెమెరా ఎవరి మీద ఉంది? భార్య మీద, పిల్లల మీద. మా కవిగారు సినిమా చూశారు గాని ఆ సగం చూడలేదు.

ఒక మనిషి ఎందుకు ప్రాణం తీసుకుంటాడో చిట్టా ఆవర్జాలు చెప్పవు. అప్పు ఒక్కటే కారణమని నేననను. మనసుకు పట్టే జబ్బు కూడా జబ్బే, దానికీ వైద్యం ఉంది. అయితే అప్పు సంగతి నాకు తెలుసు కనక ఒకటి చెప్పగలను. అప్పు తీర్చలేకపోవడం నేరం కాదు, అవమానం కాదు, అదొక స్థితి. దానికి పద్ధతులున్నాయి. వాయిదాలు మార్చవచ్చు, రాజీకి రావచ్చు, వడ్డీ తగ్గించవచ్చు, చివరికి రద్దు చెయ్యవచ్చు. మేం రోజూ చేసే పనే ఇది. ఫ్రాన్సులో, సంస్థ చెల్లింపులు ఆపకముందే కోర్టు రక్షణ కోరుకునే వీలు కల్పిస్తూ 2005 జూలై 26న ఒక చట్టం చేశారు. బల్సాన్ పోయిన అయిదున్నర నెలలకు. అది ముందే ఉంటే ఆయన బతికేవాడని కాదు. మనిషి మునగకుండానే చెయ్యి ఎత్తి పిలవవచ్చునని చట్టమే ఒప్పుకుంది, మనమే ఇంకా ఒప్పుకోవడం లేదని చెబుతున్నాను. మన దేశంలో 2016లో దివాలా చట్టం వచ్చింది. అయినా మన ఇళ్ళల్లో 'దివాలా' ఇంకా తిట్టే. మునిగేవాణ్ణి ఋషి అని పొగిడితే, వాడు చెయ్యెత్తి పిలవడానికి ఇంకా సిగ్గుపడతాడు.

ఇదంతా మనకెందుకని ఈ పత్రిక పాఠకులు అడగవచ్చు. 2004 జాబితాలో 'మహాప్రయాణం' అన్నానే, అది ఎవరైనా చూడగలిగితే చూడండి. దక్షిణ ఫ్రాన్సులో స్థిరపడ్డ ఒక మొరాకో ముసలాయన, కారు నడపమని కొడుకుని వెంటబెట్టుకుని మక్కాకు బయల్దేరతాడు. తండ్రి అరబ్బీలో మాట్లాడతాడు. కొడుకు ఫ్రెంచిలో జవాబిస్తాడు. వేల మైళ్ళు అలాగే వెళతారు. నేను చూస్తూ చూస్తూ ఒక చోట ఆపేసి లేచిపోయాను. మా ఇంట్లో నేను తెలుగులో అడిగిన దానికి ఒడియాలో వచ్చే జవాబులు గుర్తొచ్చాయి. బళ్ళారిలో కన్నడం, హోసూరులో తమిళం, షోలాపూరులో మరాఠీ, ఎవరి ఇంట్లో జవాబు ఏ భాషలో వస్తుందో వాళ్ళకు తెలుసు. ఫ్రాన్సు సినిమా సాయంలో పెద్ద వాటా ఫ్రెంచి భాషా చిత్రాలకే పోతుంది. అక్కడ కూచుని అరబ్బీ మాటకు డబ్బు పుట్టించడం సులువైన పని కాదు. తన భాష కాని భాష కోసం బల్సాన్ ఆ పని చేశాడు. మన భాష కోసం మనం ఎంత చేస్తున్నాం?

మన ఊళ్ళల్లో తెలుగు పత్రిక అంటే ఒక మనిషి. ఆయనే ఎడిటరు, ఆయనే ప్రూఫులు దిద్దేది, ఆయనే పోస్టాఫీసుకు సంచి మోసేది. అచ్చాఫీసు బాకీ ఆయన జీతంలోంచో, పెన్షనులోంచో పోతుంది. ఆయన మంచాన పడితే పత్రిక మంచాన పడుతుంది. అప్పుడు సభ పెట్టి శాలువా కప్పి 'త్యాగమూర్తి' అంటాం. ఆ శాలువా ఖరీదుకు ఇద్దరి ఏడాది చందా వచ్చేది. బల్సాన్ కథ నుంచి నేర్చుకోవలసింది త్యాగం కాదు. రెండో సంతకం ఉండాలి. ఏడాదికి ఎన్ని పుస్తకాలు వెయ్యగలమో ముందే లెక్క కట్టి, అంతకు మించి ఒప్పుకోకూడదు. చదివేవాడు ముందు డబ్బు కట్టాలి, ఆ రాబడి మీద ముందస్తు మనమే ఇచ్చుకోవాలి. మన సంఘాల పెద్ద సభల ఖర్చులో, ఆ టికెట్టు పన్ను లాగే, పదో వంతు పుస్తకాల నిధికి జమ కట్టాలి. పాటకచేరీకి వచ్చినవాడి టికెట్టులోంచి కథల పుస్తకానికి కాగితం రావాలి. ఇందులో కవిత్వం లేదు. అందుకే ఎవరూ చెయ్యరు.

మా పెద్దాయనా, మా కవిగారూ ఈ వ్యాసం చదువుతారు. ఇద్దరూ కోప్పడతారు. కోప్పడే ముందు వాళ్ళిద్దరూ తమ చందా ఎప్పటితో అయిపోయిందో ఒకసారి చూసుకోవాలని మనవి. నాది కిందటి మార్చితోనే అయిపోయిందని ఇది రాస్తూ రసీదు వెతికితే తెలిసింది. రెండేళ్ళకు సరిపడా ఈ వ్యాసంతోపాటే పంపిస్తున్నాను.